న్‌కాంబూలే వారి ఆడపడుచు

మా పై వాటా అక్కయ్య పోయిందన్న కబురు నాకు ఆఫ్రికా నుంచి వచ్చింది. ఆవిడ పోయింది మాత్రం ఇక్కడే, బ్రెమెన్‌లో, మా ఇంటికి రెండు ట్రాము స్టాపుల అవతలి ఆసుపత్రిలో. కబురు అక్కడ బయల్దేరి, సముద్రాలూ ఎడారులూ దాటి, ఆఫ్రికా దక్షిణపు కొసన స్వాజీలాండ్ అనే చిన్న కొండల దేశంలో ఆవిడ తమ్ముడి చెవిన పడింది. ఆయన ఫోను చేస్తే తిరిగొచ్చి, ఆవిడ పడక గదికి సరిగ్గా కింద గదిలో కూర్చున్న నన్ను చేరింది.

అది రెండో లాక్‌డౌన్ చలికాలం. ఆవిడ్ని అంబులెన్సులో తీసుకెళ్ళి తొమ్మిది రోజులైంది. నేను రోజూ పొద్దున్నే ఆసుపత్రికి ఫోను చేసేవాణ్ణి. మొదటి రోజే ఎత్తినమ్మాయి మర్యాదగా అడిగింది.

“మీరు ఆవిడకి బంధువులా?”

“కాదండి. కింద వాటాలో ఉంటాం.”

“క్షమించండి. బంధువులకి తప్ప చెప్పకూడదు.”

ఫోను పెట్టేశాక మా ఆవిడ నడుం మీద చెయ్యేసుకుని నిలబడింది. మా ఇద్దరిదీ విశాఖపట్నం వైపు. జర్మనీలో ఎన్నేళ్ళున్నా ఆవిడ కోపానికి ఆ యాస పోలేదు.

“ఏటండీ మీరు? తమ్ముణ్ణని చెప్పీకూడదా? పదకొండేళ్ళ బట్టీ ఆవిడకి అబద్ధం చెప్తానే ఉన్నారు కదా. ఈ ఒక్క పూటా నిజం ఎందుకు చెప్పీసేరు?”

మర్నాడు తమ్ముణ్ణని చెప్పి చూశాను. నిన్న కింద వాటా అన్నారుగా అని ఆ అమ్మాయి గుర్తు చేసింది. జర్మన్లు అన్నీ రాసిపెట్టుకుంటారు.

ఆ పదకొండేళ్ళ అబద్ధం గురించి చెప్పాలి. దానికంటే ముందు ఇంటిపేర్ల గురించి చెప్పాలి. నాకు ఏదీ మొదట మొదలుపెట్టి చివరికి తీసుకెళ్ళడం చేతకాదు. బడి ఆరో తరగతితో సరి. ఆ తర్వాత విశాఖ రేవులో ఓడెక్కి ఇంజన్ గదిలో యంత్రాలకు నూనె పోశాను. బ్రెమెన్‌లో దిగి, ఓడల మరమ్మతు షెడ్డులో ఫిట్టరుగా ముప్పై చిల్లర ఏళ్ళు చేశాను. చదువంతా ఇక్కడి లైబ్రరీలో, హీటరు పక్క కుర్చీలో. వెచ్చదనం కోసం వెళ్ళి విజ్ఞానం అంటించుకున్నవాణ్ణి.

జర్మనీలో మనిషంటే ఇంటిపేరే. వీధి తలుపు పక్కన బెల్లుల పలక ఉంటుంది, ప్రతి బెల్లుకీ ఒక ఇంటిపేరు. పోస్టుమాన్‌కీ పోలీసుకీ చావుకీ అదే ఆనవాలు. మన కుర్రాళ్ళు చదువులకొచ్చి మొదట బోల్తా పడేది అక్కడే. ఒకసారి వరంగల్ అబ్బాయొకడు నా దగ్గరికి వచ్చాడు. “అంకుల్, అన్‌మెల్డుంగ్‌కి టెర్మిన్ దొరికింది గానీ, పాస్‌పోర్టుల సర్‌నేమ్ కాడ మా నాయన పేరున్నది, బెల్ మీద ఏం పెట్టాలె?” అని అడిగాడు. ఊళ్ళో నమోదుకి టెర్మిన్, అంటే ముందుగా ఇచ్చే వేళ, పుచ్చుకుని వెళ్తూ తన పేరేదో తనకే తెలియని ఆ పిల్లవాడి మొహం చూస్తే నవ్వూ జాలీ రెండూ వచ్చాయి.

మా పలక మీద ఆరు బెల్లులు. నాలుగు జర్మన్ పేర్లు. అయిదోది మాది, ‘ఉలవల’. ఆరోది ఆవిడది, ‘న్‌కాంబూలే’. ఆవిడ భర్త జర్మను. స్వాజీలాండ్‌లో పంచదార మిల్లులో ఇంజనీరుగా ఉండగా ఆవిడ్ని చూశాడట. ఆయన పేరు కూడా ఆ బెల్లు మీద పక్కన ఉండేది. ఆయన పోయాక పేరు పోలేదు, రంగు మాత్రం పోయింది. ఆవిడ నాకంటే ఆరేళ్ళు పెద్ద, ఇక్కడ కిటాలో, అంటే పసిపిల్లల బడిలో, వంట చేసి రిటైరయింది.

ఆవిడ మా పై వాటాలోకి దిగిన మొదటి వారంలో మా ఆవిడ గిన్నెడు ఉలవచారు ఇచ్చి నన్ను పంపింది. ఆవిడ రెండు చేతులూ దోసిలిగా పట్టి, మోకాళ్ళు కొంచెం వంచి అందుకుంది. మూత తీసి వాసన చూసింది.

“ఇదేమిటి?”

“ఇది మా ఇంటిపేరు,” అన్నాను.

నేను హాస్యానికన్నాను. ఆవిడ గిన్నె బల్ల మీద పెట్టి, నిటారుగా నిలబడి, గంభీరంగా “ఉలవల!” అని పిలిచింది. తర్వాత నా మొహంలోకి చూస్తూ ఆగింది. నేనూ చూస్తూ ఆగాను.

“తర్వాత?” అంది.

“తర్వాతేమిటి?”

“ఉలవల, ఆ తర్వాత? మీ వెనక పేర్లేవి? అవి లేకుండా మీకు కృతజ్ఞత ఎలా చెప్పేది?”

అప్పుడు కూర్చోబెట్టి చెప్పింది. వాళ్ళ దేశంలో ఇంటిపేరుని సిబోంగో అంటారు. పొగడటం, కృతజ్ఞత చెప్పడం అనే మాటలోంచే అది పుట్టిందట. ఇంటిపేరంటే మనిషికి దండం పెట్టడానికి వాడే వస్తువన్నమాట. దాని వెనక వరసగా మరికొన్ని పేర్లుంటాయి. పూర్వీకులవి, వాళ్ళు దాటిన నదులవి, చేసిన ఘనకార్యాలవి. వాటిని తినానతెలో అంటారు. ఎవరైనా మేలు చేస్తే వట్టి థాంక్స్‌తో సరిపెట్టరు. ఇంటిపేరు పెట్టి పిలిచి, వెనక పేర్లన్నీ వరసగా చదువుతారు. చదువుతున్నంతసేపూ ఎదుటి మనిషి కదలకుండా నిలబడాలి. “పేరొక్కటే పిలిస్తే తలుపు తట్టినట్టు. అన్నీ పిలిస్తే లోపలికొచ్చి కూర్చున్నట్టు,” అనేది ఆవిడ.

ఒకే సిబోంగో వాళ్ళు పెళ్ళి చేసుకోకూడదు. అది మనకీ ఉన్నదే. కానీ పెళ్ళయినా ఆడదాని సిబోంగో మారదు, చచ్చేదాకా తండ్రి పేరే. ఈవిడ పెళ్ళినాడు ఇక్కడి ఆఫీసరు భర్త పేరు రాసుకోమని సలహా ఇచ్చాడట. “నేను ఈయన ఇంటికి వచ్చాను. పేరు రాలేదు. అది మా నాన్న ఇంట్లోనే ఉంది,” అందట. ఆ మాట విన్న మా ఆవిడ నా వైపు చూసి, “మా పేరేటైపోయిందో అడగండి ఈయన్ని. ఉలవల్లో పడి ఉడికిపోయింది,” అంది. నేను అనువాదం చేశాను. అక్కయ్య నవ్వలేదు. మా ఆవిడ పుట్టింటి పేరేమిటని అడిగింది. దీపాల వారు. ఆ రోజు నుంచీ ఆవిడ్ని “లా-దీపాలా” అని పిలిచేది. దీపాల వారి అమ్మాయీ అని. వయసు మళ్ళాక, ఊరు కాని ఊళ్ళో, పుట్టింటి పేరుతో ఎవరో పిలుస్తుంటే మా ఆవిడ చేతులు తుడుచుకుంటూ వంటింట్లోంచి పరిగెత్తుకొచ్చేది. నేను పిలిస్తే ఎన్నడూ అలా రాలేదు.

ఇక నా అబద్ధం. మా ఇంటిపేరు వెనక ఏముందో నాకు తెలుసు. మా తాత తండ్రి ఎవరిదో పెళ్ళిలో ఉలవగుగ్గిళ్ళు మోతాదు మించి తిని, మూడు రోజులు ఊరంతటికీ కబురయ్యాడు. ఊరు ఆయనకి పెట్టిన పేరు మాకు స్థిరపడింది. ఇంతకు మించి మా వంశ చరిత్ర లేదు. ఆవిడ ఎదురుగా నిలబడి “తర్వాత?” అని అడుగుతుంటే అది చెప్పడానికి నోరు రాలేదు. “గుర్తు చేసుకుని రేపు చెప్తాను,” అన్నాను. మర్నాడు మధ్యాహ్నందాకా కూర్చుని తెలుగులో కట్టి, జర్మన్లోకి మార్చి, పైకి తీసుకెళ్ళాను.

ఉలవల వారా!
కరువులో కాగు దించని వారా!
రాజు గుర్రానికి మేత పెట్టి, రాజుకి దండం పెట్టని వారా!
వరద గోస్తని దాటినా విత్తనం తడవనివ్వని వారా!

ఆవిడ కళ్ళు మూసుకుని విన్నది. రెండోసారి చెప్పమంది. మూడోసారి తనే చెప్పింది. అప్పటి నుంచి పదకొండేళ్ళు, పాల డబ్బా తెచ్చిచ్చినా, కుళాయి బిగించినా, చెత్తబుట్ట బయట పెట్టినా, నన్ను నిలబెట్టి అన్నీ చదివేది. ముందు జర్మన్లో చదివింది. తర్వాత వాళ్ళ భాషలో పెట్టుకుంది. నాకు ఆ భాష రాదు. ఉలవల అన్న మాట ఒక్కటే తెలిసేది, మిగతాదంతా నడక. ఓడ రేవులోకి వచ్చేటప్పుడు ఒకసారి ఊగి, ఆగి, మళ్ళీ ఊగినట్టుండేది.

సిగ్గు లేకపోలేదు. చాలాసార్లు చెప్పేద్దామనుకున్నాను. మా ఆవిడ వెనక నుంచి పొడిచేది కూడా. “వరద గోస్తనట! ఆ మహానుభావుడు పెరట్లోకే పరిగెత్తలేకపోయేడని మా అత్తగారు చెప్పీవారు. నిజం చెప్పీండి, ఆవిడేటీ అనుకోదు.” ఒకరోజు ధైర్యం చేసి, అడ్డదారిన అడిగాను. “అక్కయ్యా, ఈ వెనక పేర్లన్నీ నిజంగా జరిగినవేనంటారా?”

ఆవిడ మొక్కజొన్న పిండి ముద్ద కలుపుతోంది. మన సంకటిలాంటిదే. పెరుగు బాగా పులిస్తే గానీ దాంతో తినదు. గరిటె ఆపకుండా, “మొదట ఎవరో ఒకరు అనాలి కదా,” అంది.

అంతకన్నా పొడిగించలేదు. నేనూ బతికిపోయాననుకుని కిందికి వచ్చేశాను.

తన పేర్లు కూడా నాకు నేర్పింది. నేర్పడానికి ప్రయత్నించింది అనడం న్యాయం. న్‌కాంబూలే. దాని వెంటనే మ్లంగేని. లిలంగా అంటే వాళ్ళకి సూర్యుడు, అందులోంచి వచ్చిన పేరట. బ్రెమెన్ చలికాలంలో ఆ పేరు పెట్టుకు బతకడం దేవుడి వేళాకోళం అనేది. ఆ తర్వాత ఇంకా అయిదున్నాయి. ఒక్కోదానికీ ఒక్కో కథ. వాళ్ళ వంశాలు మూడు రకాలట. మొదటి రాజులతో కలిసి వచ్చినవాళ్ళు, ఆ రాజులొచ్చేసరికే అక్కడున్నవాళ్ళు, అందరికంటే వెనక వచ్చి చేరినవాళ్ళు. మనం వెనక వచ్చినవాళ్ళమేనని ఆవిడ తాత. కాదు, కాదు, ఆ మాటంటే నాలుక తెగ్గోస్తానని మేనత్త. ఇద్దరూ పోయేదాకా తెగలేదట. “నేను బ్రెమెన్ వచ్చాక మా తాత గెలిచాడు,” అని నవ్వేది. నేను ఆ కథలన్నీ విన్నాను. విన్నాననే అనుకున్నాను. ఆవిడ మూడో పేరు దగ్గరికి రాగానే నాకు మా ఊరి సంగతేదో గుర్తొచ్చేది. ఆవిడ ఆగి నా కథ వినేది. నాకంటే మంచి శ్రోత. అక్కడ వచ్చింది చిక్కు.

కరోనా వచ్చిన వసంతంలో మమ్మల్ని ఒకరినొకరు కలవొద్దన్నారు. ఇద్దరం ముసలివాళ్ళం, ఆవిడకి ఊపిరితిత్తులు అసలే బాగోవు. అందుకని పొద్దున్నే నేను మెట్ల కింద నిలబడి, పైకి చూస్తూ “న్‌కాంబూలే! మ్లంగేని!” అని అరిచేవాణ్ణి. పైన తలుపు తెరుచుకునేది. గొంతు వచ్చేది.

“తర్వాత?”

“మిగతావి రేపు చెప్తానక్కయ్యా!”

“మీకు రావు. అదీ నిజం.”

“వచ్చు. కాపీకి వేళైంది.”

ఆవిడ నవ్వి, పై నుంచి నావి మాత్రం ఒక్కటీ వదలకుండా చదివేది. మెట్లన్నీ మోగేవి. నేను కదలకుండా నిలబడేవాణ్ణి. అలా వసంతం, ఎండాకాలం, ఆకులు రాలే కాలం. రోజూ రేపు చెప్తాననేవాణ్ణి. ఒక రోజు పిలిస్తే పైన తలుపు తెరుచుకోలేదు. మా దగ్గరున్న తాళంతో తీసి చూస్తే, కుర్చీలో కూర్చుని ఉంది, ఊపిరి అందడం లేదు. తెల్ల సూట్లు తొడుక్కున్నవాళ్ళు వచ్చి దించుతుంటే మెట్ల పక్కకి మమ్మల్ని జరిపేశారు. నా ముందు నుంచే తీసుకెళ్ళారు. ముక్కు మీద గొట్టం, అయినా నన్ను చూసి కనుబొమలు ఎగరేసింది. దానర్థం నాకు తెలుసు. తర్వాత?

తమ్ముడు ఫోనులో చావు కబురు చెప్పి, ఇంకో మాట చెప్పాడు. ఆయన అక్కడ రిటైరైన బడి పంతులు, మా ఇద్దరికీ ఇంగ్లీషు సరిపోయింది. సరిహద్దులు మూసేశారు, విమానాలు లేవు, అక్కని తీసుకురాలేం, అక్కడే పూడ్చండి అన్నాడు. “కానీ పేర్లన్నీ పిలిచి పంపాలి. పిలవకపోతే, అవతల ఉన్న మా పెద్దవాళ్ళకి ఆవిడ ఎవరి మనిషో తెలియదు. దారిలో నిలబడిపోతుంది. గోతి దగ్గర మీరు ఫోను పట్టుకోండి. నేను పిలుస్తాను.”

“తప్పకుండా,” అన్నాను.

“ఫోను పోతే?”

“పోదు.”

“పోతే మీరున్నారు కదా. మీకు నేర్పానని అక్క చెప్పింది.”

అప్పుడే నిజం చెప్పి, ఆయన చేత ఆ పేర్లు చెప్పించుకుని రాసుకోవాల్సింది. అక్క అలా చెప్పిందని విన్నాక ఆ మాట అబద్ధం చెయ్యలేకపోయాను. “ఉన్నాను,” అన్నాను.

శ్మశానంలో పదిమందికి అనుమతి. వచ్చింది అయిదుగురం. మేమిద్దరం, ఆవిడ భర్త మేనల్లుడు, కిటా పెద్దావిడ, పాస్టరు. మాస్కులు. ఎడంగా నిలబడాలి. పాటలు పాడకూడదు, అది రూలు. వాళ్ళ దేశంలో చావంటే పాటలే. నేల గడ్డకట్టి, తవ్విన మట్టి పెంకుల్లా ఉంది. ఫోను స్పీకరులో పెట్టి చెయ్యి చాచి పట్టుకున్నాను. తమ్ముడి గొంతు ప్రార్థన చేసింది. వెనక వానచప్పుడు, అక్కడ వానాకాలం. ప్రార్థన అయింది. ఆయన గొంతు పైకి లేచి, “న్‌కాంబూలే!” అంది.

అక్కడ తెగింది.

మళ్ళీ చేశాను. మళ్ళీ. మూడోసారీ. వేళ్ళు కొంకర్లు పోయి అద్దం మీద పని చెయ్యలేదు. మా ఆవిడ లాక్కుని చేసింది. ఎవరూ ఎత్తలేదు. అంత్యక్రియల కంపెనీ మనిషి దగ్గి, తర్వాతి శవం తాలూకు వాళ్ళు గేటు దగ్గర కాచుకుని ఉన్నారని మెల్లగా చెప్పాడు. తప్పు ఆయనది కాదు. ఆ రోజుల్లో గోతులకి కూడా టెర్మిన్లే.

నేను ముందుకి వెళ్ళాను. మాస్కులోంచే పిలిచాను. “న్‌కాంబూలే! మ్లంగేని!”

ఆ తర్వాత ఏమీ రాలేదు. అయిదు పేర్లు, అయిదు కథలు, పదకొండేళ్ళు. ఒక్కటీ రాలేదు. జీవితమంతా నోటితో బతికినవాణ్ణి, ఆ ఒక్క నిమిషం నోరు లేని జంతువులా నిలబడ్డాను. పెట్టె కిందికి దిగుతోంది. తాళ్ళు జరజరమంటున్నాయి. మా ఆవిడ పక్కనుంచి “ఏదో ఒకటి అనండి,” అంది. ఏడుస్తోంది.

అన్నాను. నోటికి వచ్చినవి అవే. కరువులో కాగు దించని వారా. రాజుకి దండం పెట్టని వారా. వరద గోస్తని దాటినా విత్తనం తడవనివ్వని వారా. తెలుగులో అన్నాను. న్‌కాంబూలే వారి ఆడపడుచుని ఉలవల వారి కల్పనలు చదివి మట్టిలోకి పంపాను. పాస్టరు తలవంచి, ఆమెన్ అన్నాడు.

మూడో రోజు పొద్దున తమ్ముడి ఫోను వచ్చింది. పోస్టు తీసుకుని లోపలికి వస్తూ మెట్ల కింద ఉన్నాను. వానకి వాళ్ళ కొండ మీది టవరు పడిపోయిందట.

“పిలిచారా?” అని అడిగాడు.

“రెండు పిలిచాను. మిగతావి రాలేదు. చెయ్యగలిగింది చేశాను.” సగం నిజం. “ఆవిడ నన్ను పిలిచే పేర్లు ఉన్నాయి కదా, అవి అన్నాను. క్షమించండి.”

ఆయన తిట్టలేదు. మేం ఇక్కడ పిలుస్తున్నాం, అక్కడా పిలిచి ఉంటే బాగుండేది అని మాత్రం అన్నాడు. ఆ ‘బాగుండేది’ ఇంకా నా దగ్గరే ఉంది. తర్వాత ఆయన ఏడు పేర్లూ నిదానంగా చెప్పాడు. కరెంటు బిల్లు కవరు వెనక తెలుగులో రాసుకున్నాను. ఇప్పుడు నాకు అన్నీ వచ్చు.

“ఇక నిలబడండి,” అన్నాడు. “మా అక్కని చూసుకున్నందుకు మీకు చెప్పాల్సింది ఉంది.”

“వద్దండి. మీకొక సంగతి చెప్పాలి. ఆ పేర్లు...”

“బడులు మూసేశారు కదా, పిల్లలంతా ఇంట్లోనే ఉన్నారు. అక్క ఉత్తరంలో రాసి పంపింది. అందరికీ వచ్చు.”

అంతలోనే మొదలైంది. ఏడెనిమిది గొంతులు, చిన్నవి, పెద్దవి, ఒకటి బాగా చిన్నది, మిగతావాళ్ళకంటే ఒక మాట వెనకగా. ఉలవల! ఆ తర్వాత నాకు తెలియని భాష, నాకు తెలిసిన నడక. ఊగి, ఆగి, మళ్ళీ ఊగి. కాగు అయింది. గుర్రం అయింది. గోస్తని అయింది. ఇక ఆగుతారనుకుని తలెత్తబోయాను. ఆగలేదు. అయిదో వరస ఒకటి వచ్చింది. నేను కట్టనిది.

“ఆ చివరిదేమిటి?” అని అడిగాను.

“అది మీది కాదా? ఉత్తరంలో ఉంది.” ఆయన ఇంగ్లీషులో కూడబలుక్కున్నాడు. “మెట్ల కింద నిలబడి పిలిచేవారా, అని.”

పిల్లలు ఇంకోసారి మొదలుపెట్టారు. మా ఆవిడ గుమ్మంలోకి వచ్చి, స్టవ్ ఆపలేదని గుర్తొచ్చినా వెళ్ళకుండా నిలబడింది. నేను ఫోను మెట్టు మీద పెట్టి, చేతులు కట్టుకుని, కదలకుండా పైకి చూస్తున్నాను. పైన ఆవిడ తలుపు ముందు పట్టా, దాని మీద ఆవిడ రబ్బరు చెప్పులు, ఒకటి కాస్త ముందుకి, ఒకటి కాస్త వెనక్కి.